పోలీసుల ఫొటోలే పోలీసుల మీద సాక్ష్యం



1974 ఏప్రిల్ 24, రాత్రి పదకొండుకు ఐదు నిమిషాలు తక్కువ. లిస్బన్ రేడియోలో ఒక పాట వచ్చింది. ఆ ఏడాది యూరోవిజన్ పోటీకి పోర్చుగల్ తరఫున వెళ్ళిన పాట కాబట్టి అందరికీ తెలిసిందే. వింటున్న వాళ్ళలో నూటికి తొంభై తొమ్మిది మంది మామూలుగానే విని ఉంటారు. రేడియో దగ్గర చెవులు రిక్కించుకుని కూర్చున్న కొందరు సైనికాధికారులకు మాత్రం అది సంకేతం, సిద్ధంగా ఉండమని. అర్ధరాత్రి దాటిన ఇరవై నిమిషాలకు ఇంకో స్టేషన్‌లో జోజె అఫోన్సో పాడిన 'గ్రాండులా, విలా మొరేనా' వచ్చింది. అది బయల్దేరమన్న సంకేతం. మర్నాడు పొద్దుగూకేసరికి పోర్చుగల్‌లో నియంతృత్వం కూలిపోయింది. జనం వీధుల్లోకి వచ్చి సైనికుల తుపాకీ గొట్టాల్లో కార్నేషన్ పూలు గుచ్చారు. ఒక ప్రభుత్వాన్ని దించడానికి రేడియోలో రెండు పాటలు చాలాయన్న సంగతి రేడియోలోనే మాట్లాడుతూ చెప్పకుండా ఉండలేకపోయాను.

అయితే ఇవాళ్టి నా విషయం విప్లవం కాదు. ఆ పూల వెనక పడి ఉన్న నలభై ఎనిమిదేళ్ళ కాలాన్ని పాతికేళ్ళుగా తవ్వుతున్న ఒక సినిమా దర్శకురాలు. పేరు సుజానా ద సోజా దియాస్. 1962లో లిస్బన్‌లో పుట్టారు. విప్లవం వచ్చేనాటికి బడికి వెళ్ళే పిల్ల. చిత్రలేఖనం చదివారు, సినిమా చదివారు, తర్వాత లిస్బన్ విశ్వవిద్యాలయంలో లలితకళల విభాగంలో అధ్యాపకురాలయ్యారు. తీసినవి ఎక్కువ సినిమాలు కావు, వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. కానీ డాక్యుమెంటరీ అంటే ఏమిటని మనకున్న అలవాటును ఆ కొన్ని సినిమాలే కుదిపేస్తాయి.

మనకున్న అలవాటు ఏమిటో మీకు తెలుసు. నా వయసు వాళ్ళందరూ అసలు సినిమాకు ముందు ఫిల్మ్స్ డివిజన్ వార్తాచిత్రాలు చూసిన వాళ్ళే. తెర మీద ఆనకట్ట, ట్రాక్టరు, రిబ్బను కత్తిరించే మంత్రిగారు. వాటి మీదుగా ఒక గంభీరమైన గొంతు మనం ఏం చూస్తున్నామో, ఏమనుకోవాలో చెప్పేస్తూ ఉండేది. ఇప్పటి టీవీ చరిత్ర కార్యక్రమాలదీ అదే పద్ధతి, కాకపోతే సంగీతం కాస్త ఎక్కువ. పాత ఫొటో రెండు సెకన్లు కనిపిస్తుంది, వ్యాఖ్యానం ముందుకు పరిగెడుతుంది. ఆ ఫొటో ఎవరు తీశారు, ఎవరి కోసం తీశారు, అందులో ఉన్న మనిషికి తీయించుకోవడం ఇష్టమేనా అని ఎవరూ అడగరు. సుజానా సినిమాలన్నీ ఈ మూడు ప్రశ్నల చుట్టూనే తిరుగుతాయి.

ముందు ఆ దేశం కథ రెండు ముక్కల్లో. 1926 మే 28న పోర్చుగల్‌లో సైనిక తిరుగుబాటు జరిగింది. రెండేళ్ళకు ఆర్థికమంత్రిగా వచ్చిన ఆంటోనియో సలజార్ అనే ప్రొఫెసరుగారు 1932లో ప్రధానమంత్రి అయ్యి, 1968 దాకా దిగలేదు. దిగింది కూడా ఎన్నికల్లో ఓడి కాదు. కుర్చీ మీంచి పడి, మెదడుకు దెబ్బ తగిలి. ఆ తర్వాత వచ్చిన కయెతానో 1974 దాకా నడిపాడు. ఈ పాలనకు కాపలా రహస్య పోలీసులు. వాళ్ళ సంస్థను పిడే అనేవారు. ఇంటింటి కబుర్లు మోసే వేగులు, ఉత్తరాలు విప్పి చదివేవాళ్ళు, జైళ్ళు: లిస్బన్‌లో అల్జూబె, ఊరి పక్కన కాషియాష్, సముద్రపు ఒడ్డున పెనిష్ కోట, అట్లాంటిక్ మధ్యలో కేప్ వర్ద్ దీవుల్లో తరాఫాల్ శిబిరం. దెబ్బలు కాక వాళ్ళకు ఇష్టమైన హింసలు రెండుండేవి. ఒకటి, రోజుల తరబడి కంటి మీద కునుకు పడనీయకపోవడం. రెండోది, కదలకుండా విగ్రహంలా నిలబెట్టడం. రెండిటికీ ఖర్చు లేదు, ఒంటి మీద గాయమూ కనపడదు.

సుజానా పిడే దస్తావేజుల దాకా ఎలా వెళ్ళారన్నది ఒక చిన్న కథ. 2000లో ఆమె నర్సుల మీద ఒక డాక్యుమెంటరీ తీశారు. సలజార్ ప్రభుత్వం ఆస్పత్రి నర్సులు పెళ్ళి చేసుకోకూడదని ఆంక్ష పెట్టింది. పెళ్ళి చేసుకుంటే ఉద్యోగం పోతుంది. (సలజార్ కూడా పెళ్ళి చేసుకోలేదు లెండి, ఆయనకు ఉద్యోగానికి ఇబ్బంది రాలేదు.) ఈ ఆంక్ష తీసెయ్యమని ఇసౌరా బోర్జెస్ కొయెల్యు అనే నర్సు, తోటివాళ్ళు సంతకాలు సేకరించారు. అర్జీ పెట్టుకోవడమే వాళ్ళ నేరం. 1953లో పిడే వచ్చి పట్టుకుపోయింది. ఆ కేసు నంబరే సినిమా పేరు, 'క్రిమినల్ కేసు 141/53'. ఆంక్ష 1963లో గాని పోలేదు.

ఆ కేసు కాగితాల కోసం ఆమె లిస్బన్‌లోని జాతీయ దస్తావేజుల భవనం తోర్రె దు తోంబులో కూర్చున్నారు. పిడే కాగితాలన్నీ విప్లవం తర్వాత చివరికి అక్కడికే చేరాయి. 1994లో జనానికి తెరిచారు. అక్కడ ఆమె చేతికి ఫొటో ఆల్బములు వచ్చాయి. మామూలు ఆల్బములు కావు. పేజీ తర్వాత పేజీ ముఖాలు. అరెస్టయిన ప్రతి మనిషినీ ఎదురుగా ఒకటి, పక్కనుంచి ఒకటి, కొంచెం ఏటవాలుగా ఒకటి తీసి అంటించి నంబరు వేశారు. రైతులు, విద్యార్థులు, కూలీలు, డాక్టర్లు, ముసలివాళ్ళు, మీసాలు కూడా రాని కుర్రాళ్ళు. కొందరి కళ్ళు వాచి ఉన్నాయి, కొందరు కెమెరాను గుచ్చి చూస్తున్నారు. సుజానా మిగతా జీవితం ఈ ఆల్బముల దగ్గరే మలుపు తిరిగింది.

మొదటి ప్రయత్నం 2005లో వచ్చిన 'నతురెజా మోర్తా'. డెబ్భై రెండు నిమిషాల సినిమా. అందులో ఒక్క మాట లేదు. వ్యాఖ్యానం లేదు, తారీఖులు లేవు, ఎవరి పేరూ వేయరు. ఉన్నవల్లా ప్రభుత్వం తీయించుకున్న ప్రచార చిత్రాలు, కవాతులు, వలస దేశాల్లో యుద్ధపు దృశ్యాలు, మధ్యమధ్యలో ఖైదీల ముఖాలు, వాటి వెనక ఆంటోనియో ద సోజా దియాస్ కూర్చిన ధ్వని. ప్రభుత్వ కెమెరామాన్ ఊరేగింపులో నాయకుడిని చూపించాలని తీసిన బొమ్మను ఆమె నెమ్మది చేసి, దగ్గరికి తెచ్చి, వెనక వరసలో నిలబడ్డ మనిషి ముఖం చూపిస్తారు. నాయకుడు పక్కకు జరిగిపోతాడు. తీసినవాడు పట్టించుకోని మూలలో ఏముందో అదే ఇప్పుడు బొమ్మ.

నిజం చెప్పాలంటే ఈ సినిమా మొదటిసారి చూసేవాళ్ళకు కష్టమే. పోర్చుగల్ చరిత్ర తెలిసినవాళ్ళు గుర్తుపట్టే ముఖాలు మనం గుర్తుపట్టలేం. చాలా చోట్ల దారి చెప్పేవాడు లేని ఊళ్ళో తిరిగినట్టు ఉంటుంది. ఇది ఆమె లోపమని నేననను. కానీ ఆ ముఖాలకు మాట కావాలన్న సంగతి ఆమెకూ తెలిసిందనుకుంటాను. ఎందుకంటే తర్వాతి సినిమాలో ఆ ముఖాలు, వాటి మాటలు తప్ప ఇంకేం పెట్టలేదు.

ఆ సినిమా పేరు '48'. నలభై ఎనిమిదేళ్ళ నియంతృత్వం కాబట్టి ఆ అంకె. 2009లో పూర్తయింది, తొంభై మూడు నిమిషాలు. దాన్ని వివరించడం చాలా సులువు, చూడటం మాత్రం వేరే అనుభవం. చీకటి తెర. అందులోంచి మెల్లగా ఒక ముఖం వస్తుంది. పిడే తీసిన ఫొటో. ఒక గొంతు వినపడుతుంది. ఆ ఫొటోలోని మనిషిదే, ఎన్నో ఏళ్ళ తర్వాతి గొంతు. ఫొటో తీసిన రోజు ఏం జరిగిందో, అంతకు ముందు రాత్రి ఏం చేశారో, ఆ చొక్కా ఎందుకలా ఉందో, జుట్టు ఎందుకలా ఉందో చెబుతుంది. ముఖం చీకట్లో కలిసిపోతుంది. ఇంకో ముఖం వస్తుంది. అంతే సినిమా. మాట్లాడేవాళ్ళు ఈనాడు ఎలా ఉన్నారో ఒక్కసారి కూడా చూపించరు. వాళ్ళుండే ఇల్లు చూపించరు. పేరు కూడా వేయరు.

ఇక్కడ కాసేపు ఆగుదాం. ఎందుకంటే ఆమె చేసిన పని అంతా ఇక్కడే ఉంది.

తెర మీద పాతికేళ్ళ అమ్మాయి ముఖం. చెవిలో డెబ్భై దాటిన ముసలమ్మ గొంతు. రెండూ ఒకే మనిషివి. మధ్యలో ఉన్న ఏళ్ళన్నిటినీ మనమే లెక్క కట్టుకోవాలి. మామూలు డాక్యుమెంటరీలో అయితే సోఫాలో కూర్చున్న పెద్దావిడను చూపించి, ఆమె మాట్లాడుతుంటే మధ్యలో పాత ఫొటో వేస్తారు. అప్పుడు మనకు జరిగిపోయిన కథ వింటున్నట్టు ఉంటుంది. అమ్మయ్య, బతికి బయటపడింది, ఇప్పుడు బాగానే ఉంది అనుకుంటాం. సుజానా ఆ ఊరట మనకు ఇవ్వరు. గొంతు ఎంత ముసలిదైనా ముఖం ఇంకా పోలీసుల ముందే నిలబడి ఉంది.

ఇంకో సంగతి. ఆ ఫొటో కదలదనుకుంటాం. కానీ కదులుతుంది. కెమెరా ఎంత నెమ్మదిగా దాని మీద జరుగుతుందంటే, జరుగుతోందన్న సంగతి మనకు ముందు తెలియదు. కాసేపటికి ఆ మనిషి ఊపిరి పీలుస్తున్నాడేమో, కనురెప్ప కదిలిందేమో అనిపిస్తుంది. పోలీసులు ఆ ఫొటో తీసింది మనిషిని కదలకుండా పట్టి ఉంచడానికి. రికార్డులో అంటించి, మళ్ళీ దొరికినప్పుడు పోల్చుకోవడానికి. అదే ఫొటోలో ప్రాణం ఉన్నట్టు చూపించడమంటే వాళ్ళ పనిని వాళ్ళ సరుకుతోనే తిరగగొట్టడం.

ఇక శబ్దం. ఈ సినిమాలో మాటలెంత ముఖ్యమో మాటల మధ్య ఉన్నవీ అంతే ముఖ్యం. ఊపిరి తీసుకున్న చప్పుడు, కుర్చీ కిర్రుమన్న చప్పుడు, బట్టల రాపిడి, వాక్యం మధ్యలో ఆగి మళ్ళీ మొదలుపెట్టలేక ఉండిపోయిన మౌనం. ఎడిటింగులో మనం సాధారణంగా కత్తిరించి పారేసేవి ఇవే. రేడియోలో పనిచేసిన వాళ్ళకు ఈ సంగతి బాగా తెలుసు. మైకు ముందు మనిషి గొంతు తడబడినప్పుడు ఆ తడబాటును ఉంచాలా తీసెయ్యాలా అన్నది పెద్ద నిర్ణయం. ఆమె ఉంచారు. నిద్ర లేకుండా నిలబెట్టిన రోజుల గురించి చెబుతున్న మనిషి గుటక వేసిన చప్పుడు ఉందే, ఏ గణాంకమూ దానికి సాటి రాదు. '48' కళ్ళు మూసుకుని కూడా వినదగిన సినిమా. కానీ మూసుకోనివ్వదు.

ఈ ఫొటోలు వాడుకోవడానికి ఫొటోలో ఉన్నవాళ్ళ దగ్గర అనుమతి తీసుకోవాల్సి వచ్చింది. ఒకప్పుడు అడగకుండా తీసిన బొమ్మల మీద హక్కు ఇన్నాళ్ళకు వాళ్ళ చేతికి వచ్చిందన్నమాట. ఆమె వెళ్ళి అడిగి, కూర్చుని విన్న వాళ్ళలో పదహారు మంది గొంతులు సినిమాలో ఉన్నాయి. ఒక్కొక్కరు తమ ఫొటోను చూసుకునే తీరే వేరు. ఒకరు అందులో ధిక్కారాన్ని చూస్తారు. ఒకరికి తన ముఖమే పరాయిగా ఉంటుంది. పదేపదే అరెస్టయిన వాళ్ళవి వేర్వేరు ఏళ్ళ ఫొటోలు వరసగా వస్తాయి. ఒక మనిషి వయసు పెరగడాన్ని పోలీసు ఆల్బములో చూడటం ఎలా ఉంటుందో ఊహించండి. ఇంట్లో తీయించుకున్న ఫొటోల్లో కాదు.

చివరి వైపు, అప్పట్లో పోర్చుగల్ వలస అయిన మొజాంబిక్‌కు చెందిన ఖైదీల గొంతులు వినపడతాయి. అప్పుడు తెర మీద ముఖం రాదు. దాదాపు చీకటే ఉంటుంది. ఆఫ్రికాలో పిడే పట్టుకున్న వీళ్ళ ఫొటోలు దొరకలేదు. ఫొటోల మీద కట్టిన సినిమాలో ఫొటో లేని మనిషిని ఏం చెయ్యాలి? ఇంకెవరిదో బొమ్మ పెట్టి సరిపెట్టొచ్చు. ఆమె చీకటిని చీకటిగానే ఉంచారు. లిస్బన్‌లో అరెస్టయిన మనిషికి కనీసం ఫొటో మిగిలింది. వలసలో అరెస్టయిన వాడికి అదీ లేదు. సినిమా మొత్తంలో నన్ను ఎక్కువ పట్టుకున్న భాగం ఇదే.

వలస అన్నాం కాబట్టి మనకు దగ్గరి సంగతి ఒకటి చెప్పాలి. ఈ సలజార్ ప్రభుత్వమే 1961 డిసెంబరు దాకా గోవాను వదలలేదు. గోవా జాతీయోద్యమ పితామహుడనే త్రిస్తావ్ బ్రగాంసా కున్యాను 1946లో అరెస్టు చేసి, శిక్ష వేసి, సముద్రం దాటించి ఇందాక చెప్పిన పెనిష్ కోటలోనే పెట్టారు. 1955 ఆగస్టు 15న దేశం నలుమూలల నుంచీ గోవా సరిహద్దు దాటిన నిరాయుధ సత్యాగ్రహుల మీద తుపాకులు పేల్చిందీ ఆ ప్రభుత్వమే. కాబట్టి '48' చూసేటప్పుడు ఎక్కడో యూరప్ కథ అని మనం పక్కన పెట్టడానికి లేదు.

2010లో పారిస్‌లో జరిగే సినెమా దు రియెల్ డాక్యుమెంటరీ ఉత్సవంలో '48'కు గ్రాండ్ ప్రి ఇచ్చారు. అప్పటినుంచి ప్రపంచంలో ఎక్కడ దస్తావేజుల సినిమా గురించి చర్చ జరిగినా ఈ పేరు వస్తోంది. 2012, 13లలో లిస్బన్ డాక్యుమెంటరీ ఉత్సవం దోక్‌లిష్బోవాను నడిపిన బృందంలో కూడా ఆమె ఉన్నారు.

ఆల్బముల దగ్గరి నుంచి ఆమె అప్పుడే లేవలేదు. వాటిలో ఒక ఫొటో ఉంది. ఒక తల్లి, ఒళ్ళో చిన్న బిడ్డ. పోలీసు ఫొటోయే, నంబరుతో సహా. కమ్యూనిస్టు నాయకుడు ఒక్తావియు పాతు కుటుంబానిది. 2017లో వచ్చిన 'లూజ్ ఒబ్స్‌కురా' ఆ కుటుంబం కథ. ఇందులో మాట్లాడేది నాయకుడు కాదు, ఆయన ముగ్గురు పిల్లలు. ఇప్పుడు వాళ్ళూ పెద్దవాళ్ళే. నాన్న అజ్ఞాతంలో, అమ్మ జైల్లో, తాము కొన్నాళ్ళు అమ్మతో పాటు జైల్లో, కొన్నాళ్ళు బంధువుల ఇళ్ళలో. ఎవరు ఎవరికి ఏమవుతారో కూడా సరిగా తెలియకుండా పెరిగిన పిల్లలు. నాయకుల త్యాగం గురించి పుస్తకాలు చాలానే ఉంటాయి. ఆ త్యాగంలో పిల్లల వాటా ఎంతో అడిగిన వాళ్ళు తక్కువ. మన తెలుగునాట అజ్ఞాతంలోకి వెళ్ళిన నాయకుల ఇళ్ళలో పెరిగిన వాళ్ళు ఎవరైనా ఇది వింటుంటే, నేను దేని గురించి చెబుతున్నానో ఇంకాస్త బాగా అర్థమవుతుంది.

తర్వాత ఆమె దేశం దాటారు. 2019లో 'ఫోర్డ్‌లాండియా మలైజ్' అని నలభై ఒక్క నిమిషాల సినిమా బెర్లిన్ ఉత్సవంలో వేశారు. కార్ల హెన్రీ ఫోర్డ్‌కు టైర్లకు రబ్బరు కావలసి వచ్చి, 1928లో బ్రెజిల్‌లో అమెజాన్ అడవి మధ్య, తపజోష్ నది ఒడ్డున దాదాపు 10,000 చదరపు కిలోమీటర్ల నేల తీసుకుని ఒక ఊరు కట్టించాడు. అమెరికా ఇళ్ళు, అమెరికా తిండి, మద్యం నిషేధం. 1930లో కూలీలు భోజనశాలలోనే తిరగబడ్డారు. రబ్బరు చెట్లను ఒత్తుగా నాటేసరికి ఆకుతెగులు వచ్చి తుడిచిపెట్టింది. 1945లో ఆ ఊరిని బ్రెజిల్ ప్రభుత్వానికి తిరిగి అమ్మేశారు. ఫోర్డు ఆ ఊళ్ళో ఒక్కసారీ అడుగు పెట్టలేదు. సుజానా సినిమాలో ముందు కంపెనీ కాలం నాటి ఫొటోలు వస్తాయి, ఆ తర్వాత డ్రోను కెమెరా ఆ ఊరి మీద తిరుగుతుంది, వెనక ఇప్పుడక్కడ ఉంటున్న వాళ్ళ మాటలు. దాన్ని దయ్యాల ఊరని బయటివాళ్ళు రాస్తుంటారు, మేం ఇక్కడే బతుకుతున్నాం కదా అన్నది వాళ్ళ జవాబు. మంచి సినిమాయే. అయినా నా మటుకు డ్రోను పైనుంచి చూసిన ఊరి కన్నా ఆల్బములోంచి తేలి వచ్చిన ముఖాలే బలమైనవి. దూరం నుంచి చూసేటప్పుడు ఆమె చెయ్యి కొంచెం వదులవుతుందేమో.

2021లో అన్స్‌గార్ షేఫర్‌తో కలిసి తీసిన 'వియాజెం ఔ సోల్' కూడా ఉంది. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత ఆస్ట్రియా నుంచి ఆకలితో ఉన్న పిల్లలను వేల సంఖ్యలో పోర్చుగల్ కుటుంబాల దగ్గరికి కొన్ని నెలలకు పంపారు. వాళ్ళ జ్ఞాపకాలే ఈ సినిమా. దయ చూపిన అదే దేశంలో అప్పుడు జైళ్ళు ఎలా ఉన్నాయో ముందు సినిమాలు చూసినవాళ్ళకు గుర్తొస్తుంది.

ఆమె మీద విమర్శ లేకపోలేదు. పేర్లు వేయకపోవడం, సందర్భం చెప్పకపోవడం వల్ల చరిత్ర తెలియని కుర్రకారుకు ఈ సినిమాలు అందవని కొందరంటారు. ఇందులో సగం నిజం ఉంది. '48' ఒక్కటే చూసి సలజార్ ఎప్పుడు వచ్చాడో, వలస యుద్ధాలు ఎప్పుడు మొదలయ్యాయో ఎవరూ నేర్చుకోలేరు. అందుకు పుస్తకాలున్నాయి. పుస్తకం చెప్పలేనిది, ఆ పోలీసు గదిలో నిలబడ్డ మనిషి ముఖంలో ఏముందన్నది. అది ఆమె చూపించారు, అలంకారాలు లేకుండా, మన కన్నీళ్ళ కోసం తొందరపడకుండా.

విప్లవం రోజున లిస్బన్‌లో పిడే ప్రధాన కార్యాలయం ముందు గుమిగూడిన జనం మీద లోపలినుంచి కాల్పులు జరిపి నలుగురిని చంపారు. ఆ భవనాన్ని తర్వాత ఖరీదైన ఫ్లాట్లుగా మార్చేశారు. అల్జూబె జైలు మాత్రం 2015 నుంచి మ్యూజియంగా ఉంది. ఎప్పుడైనా లిస్బన్ వెళ్ళే మన తెలుగువాళ్ళు ట్రాములు, చర్చిలు చూశాక అక్కడ కూడా ఒక పూట గడపండి.

సినిమాల విషయానికొస్తే, నా మాట వింటే ముందు '48' చూడండి. ఇంగ్లీషు సబ్‌టైటిళ్ళతో దొరుకుతుంది. ఫిల్మ్ సొసైటీ నడిపే మిత్రులుంటే ఒక సాయంత్రం వేయించండి. ఫోన్లు బయట పెట్టించి, సౌండు సరిగా ఉన్న హాల్లో. దాని తర్వాత 'లూజ్ ఒబ్స్‌కురా'. ఈ రెండూ చూశాక 'నతురెజా మోర్తా'కు రండి, అప్పుడు ఆ మాటల్లేని సినిమా మీకు దారి తప్పించదు.